మెరోప్లాంక్టన్ అనే మాట ఏం చెబుతుంది, ఏం చెప్పదు

సముద్ర జీవశాస్త్రం నోట్సుల్లో, పరీక్షల గైడ్లలో మెరోప్లాంక్టన్ అనే పదం దగ్గర మామూలుగా ఒక జాబితా ఉంటుంది: పీత లార్వాలు (అంటే గుడ్డులోంచి వచ్చి ఇంకా పెద్ద రూపానికి రాని పిల్లలు), రొయ్య లార్వాలు, ఆల్చిప్ప లార్వాలు, చేప గుడ్లు, అప్పుడే పొదిగిన చేపపిల్లలు. జాబితాలో తప్పేమీ లేదు. కానీ అది చదివిన విద్యార్థి క్రస్టేషియన్లు (పీత, రొయ్య లాంటివి), మొలస్కులు (నత్త, ఆల్చిప్ప లాంటివి) ఎలాగో మెరోప్లాంక్టన్ కూడా అలాగే ఇంకో జంతువర్గం అనుకుని పేజీ తిప్పేస్తాడు. అక్కడే మొత్తం విషయం పక్కదారి పడుతుంది, ఎందుకంటే ఈ పదానికీ వంశానికీ అసలు సంబంధం లేదు. ఒక జీవి తన బతుకులో కొంతకాలం నీటితో పాటు కొట్టుకుపోతూ, మిగతా కాలం ఇంకోలా గడిపితే, ఆ కొట్టుకుపోయే దశలో ఉన్నవాటిని పిలవడానికి పెట్టుకున్న పేరు ఇది. పీత పిల్లగా ఉన్నప్పుడు మెరోప్లాంక్టన్. పెద్దదై అడుగున ఇసుకలోకో బురదలోకో దిగిపోయాక కాదు. మళ్ళీ దాని గుడ్లలోంచి వచ్చే పిల్లలు మెరోప్లాంక్టన్. తల్లి ఒక గుంపులో, పిల్ల ఇంకో గుంపులో పడే వర్గీకరణ ఇది.

1887లో జర్మనీలోని కీల్‌లో పనిచేసే విక్టర్ హెన్సెన్, నీటి కదలికతో పాటు కొట్టుకుపోయే జీవులన్నిటికీ కలిపి ప్లాంక్టన్ అనే పేరు పెట్టాడు. 1890లో ఎర్నెస్ట్ హెకెల్ దానికి తోడు ఇంకొన్ని పదాలు తెచ్చాడు. ప్రవాహానికి ఎదురీదగలిగేవి నెక్టాన్, అడుగును అంటిపెట్టుకుని ఉండేవి బెంథాస్, పుట్టింది మొదలు చచ్చేదాకా ప్లాంక్టన్‌గానే ఉండేవి హోలోప్లాంక్టన్, జీవితంలో ఒక భాగం మాత్రమే అలా ఉండేవి మెరోప్లాంక్టన్. గ్రీకులో హోలో అంటే మొత్తం, మెరో అంటే భాగం, అంతే. అంతకు మించిన గూఢార్థం వెతకక్కర్లేదు.

హెకెల్ తెచ్చిన ఈ పదాలన్నీ జీవి ఎలా బతుకుతోందో చూస్తాయి తప్ప ఎవరికి చుట్టమో చూడవు. కోపిపాడ్ అనే చిన్న జీవీ రొయ్యా రెండూ క్రస్టేషియన్లే, కానీ సముద్రంలో విడిగా తిరిగే కోపిపాడ్లలో ఎక్కువ జాతులు హోలోప్లాంక్టన్, రొయ్య మాత్రం మెరో. నత్తల్లో టెరోపాడ్లు అనేవి కాలినే రెక్కల్లా ఆడిస్తూ జన్మంతా నీటిలోనే తేలతాయి, కాబట్టి అవి హోలో. గవ్వల్లో చాలా జాతులకు వెలిజర్ అనే తేలే లార్వా ఉంటుంది, కాబట్టి ఆ దశలో అవి మెరో. ఇక గుళ్ళల్లో ఊదే శంఖం సంగతి ఇంకా వేరు. దాని పిల్లలు గుడ్ల తొడుగు లోపలే ఎదిగి, బుల్లి శంఖాలుగా నేరుగా అడుగున పాకుతూ బయటికొస్తాయి. అంటే శంఖానికి మెరోప్లాంక్టన్ దశ అనేదే లేదు. మూడూ నత్తల జాతివే అయినా ఈ పట్టికలో మూడు వేర్వేరు చోట్ల పడ్డాయి.

ఇదే తేడా పొలం గట్టు మీద కూడా కనిపిస్తుంది. వరిచేలల్లో బొరియలు పెట్టే ఎండ్రకాయ గుడ్లు పొదిగినప్పుడు, వాటిలోంచి లార్వాలు రావు, అచ్చం తల్లిలాగే ఉండే చిన్న ఎండ్రకాయలు వస్తాయి, కొన్నాళ్ళు తల్లి పొట్ట కింది మడతలోనే ఉంటాయి. సముద్రపు పీత అలా కాదు. మడ అడవుల బురదలో పెరిగే పెద్ద పీత గుడ్లతో సముద్రంలోకి వెళ్ళి అక్కడ లక్షల్లో పిల్లల్ని వదులుతుంది. ఆ పిల్లలు జోయియా అనే రూపంలో ఐదు దశలు, ఆ తర్వాత మెగలోపా అనే ఇంకో రూపం దాటితే గానీ పీత ఆకారానికి రావు. వానపాముకు తేలే లార్వా లేదు, దాని సముద్రపు చుట్టాల్లో చాలావాటికి ఉంది. దీన్నిబట్టి ఏ జీవికి మెరో దశ ఉంటుందో దాని కుటుంబం పేరు చూసి గుడ్డిగా చెప్పేయలేం, ఒక్కో జాతినీ విడిగా చూడాల్సిందే.

ఆంధ్ర తీరంలో ఈ పదం ఎవరూ వాడకపోయినా దీని సంగతి బాగా తెలిసిన చోటు ఒకటుంది, రొయ్యల హేచరీ. అక్కడివాళ్ళు నాప్లీ, జోయియా, మైసిస్, పీఎల్ అని రోజూ మాట్లాడుకుంటారు, అవన్నీ మెరోప్లాంక్టన్ దశల పేర్లే. టైగర్ రొయ్యనే తీసుకుంటే, గుడ్డులోంచి వచ్చిన నాప్లీకి తిండి పెట్టక్కర్లేదు, తన ఒంట్లోని సొన మీదే దాదాపు రెండు రోజులు గడిపేస్తుంది. ఆ కాస్త వ్యవధిలోనే ఆరుసార్లు రూపం మార్చుకుంటుంది. తర్వాత జోయియా మూడు దశలు, అప్పుడు కీటోసెరాస్ లాంటి డయాటమ్ నాచు (కంటికి కనపడనంత చిన్న ఏకకణ నాచు) కావాలి, అది సమయానికి అందకపోతే ట్యాంకు ట్యాంకే పోతుంది. ఆ తర్వాత మైసిస్ మూడు దశలు, ఇక అక్కడి నుంచి ఆర్టీమియా లాంటి జంతు ఆహారం మొదలవుతుంది. చివరికి పోస్ట్ లార్వా, అంటే పీఎల్. రైతు పీఎల్ 10 అన్నా పీఎల్ 15 అన్నా, ఆ దశకు వచ్చి అన్ని రోజులైందని లెక్క.

హేచరీలో ఇదంతా ట్యాంకుల్లో, ఏరేటర్ల కింద జరుగుతుంది. సముద్రంలో ఇదే పని ఒడ్డుకు దూరంగా మొదలై, ఏటి మొగలకు, మడ అడవులకు చేరడంతో ముగుస్తుంది. తల్లి రొయ్య సముద్రంలో గుడ్లు వదులుతుంది, పిల్లలు నీటితో పాటు తేలుతూ ఒక్కో దశ దాటుతూ పీఎల్ అయ్యేసరికి తీరం దగ్గరికి రావాలి, అక్కడ ఉప్పు తక్కువ ఉన్న నీళ్ళల్లో పెరిగి, కాస్త పెద్దయ్యాక మళ్ళీ సముద్రంలోకి వెళ్ళాలి. కాబట్టి పీఎల్‌ను ఏ గంపలో వెయ్యాలి అన్న ప్రశ్న వస్తుంది. మొదటి రోజుల్లో అది ఇంకా తేలుతూనే ఉంటుంది, మెల్లగా అడుగును పట్టుకోవడం మొదలెడుతుంది. మెరోప్లాంక్టన్ ఇక్కడితో అయిపోయింది, బెంథాస్ ఇక్కడ మొదలైంది అని గీత గీయగల రోజంటూ లేదు. వర్గీకరణ పదాల్లో ఇలాంటి మసక అంచులు ఉంటాయని పాఠ్యపుస్తకాలు ముందే చెబితే బాగుంటుంది, లేకపోతే విద్యార్థి ఆ మసకను తన అవగాహనా లోపం అనుకుంటాడు.

ఈ దశల్నీ పెద్ద జీవుల్నీ కలిపి చూడలేకపోవడం వల్ల శాస్త్రం చాలాకాలం తప్పటడుగులు వేసింది, ఆ చరిత్ర తెలిస్తేనే ఈ పదం విలువ అర్థమవుతుంది. జోయియా అనేది మొదట లార్వా పేరు కాదు. 1802లో ఫ్రెంచి శాస్త్రవేత్త బాస్క్, నీటిలో దొరికిన ఒక ముళ్ళ తల చిన్న జీవిని ప్రత్యేక ప్రజాతి (దగ్గరి చుట్టాలైన జాతుల గుంపు) అనుకుని దానికి పెట్టిన పేరు అది. మెగలోపా కూడా అంతే, విడిగా ఒక ప్రజాతి. పలచటి గాజు ఆకులా ఉండే ఫిల్లోసోమా ఇంకో ప్రజాతి, అది ముళ్ళ ఎండ్రరొయ్య పిల్ల అని, అంటే లాబ్‌స్టర్ బిడ్డ అని చాలాకాలం ఎవరికీ తెలియదు. ఇవాళ లార్వాలకు వాడే పేర్లలో చాలావరకు ఇలా రద్దైపోయిన ప్రజాతుల పేర్లే. యాక్టినోట్రోకా, పిలిడియం, టోర్నారియా అన్నీ ఆ కోవలోవే. ఎవరికి పుట్టాయో తెలియనప్పుడు పెట్టిన పేర్లు, తెలిశాక దశల పేర్లుగా మిగిలిపోయాయి.

ఐర్లండులోని కార్క్‌లో ఉన్న సైనిక వైద్యుడు జాన్ వాన్ థాంప్సన్ ఈ ముడి విప్పడం మొదలెట్టాడు. సన్నని గుడ్డతో చేసిన వలను నీటిలో లాగి, చిక్కినవాటిని గాజు పాత్రలో సముద్రపు నీళ్ళల్లో బతికించి చూడటం ఆయన పద్ధతి. అప్పట్లో చాలామంది సీసాలో సారాయిలో నిలవ చేసిన చచ్చిన జీవుల్ని చూసి పేర్లు పెట్టేవాళ్ళు, ఈయన మాత్రం అవి పెరిగి ఏమవుతాయో ఎదురుచూశాడు. అలా జోయియా పీత పిల్లే అని 1828లో ప్రకటించాడు. 1830లో ఇంకా పెద్ద సంగతి చెప్పాడు. రాళ్ళకీ ఓడ అడుగులకీ అంటుకుని గట్టి పెంకులో ఉండే బార్నకిల్‌ను జీవుల వర్గీకరణలో పేరుమోసిన లినేయస్, క్యువియర్ అంతటివాళ్ళు ఆల్చిప్పల పక్కన మొలస్కుల్లో పెట్టారు. థాంప్సన్ పాత్రలో ఈదుతున్న చిన్న జీవులు కొద్దిరోజుల్లో గాజుకు అంటుకుని బార్నకిల్స్ అయిపోయాయి. ఈదే రూపం చూస్తే అది కచ్చితంగా క్రస్టేషియన్, అంటే బార్నకిల్ పీతకీ రొయ్యకీ చుట్టం. పెద్ద జీవిని ఎంత కోసి చూసినా తేలని చుట్టరికం దాని మెరోప్లాంక్టన్ దశలో తేలిపోయింది.

ఆ రోజుల్లో ఆయన మాట అందరూ ఒప్పుకోలేదు. రాట్కే అనే జర్మన్ శాస్త్రవేత్త మంచినీటి క్రేఫిష్ గుడ్లను జాగ్రత్తగా గమనించి, పిల్లలు తల్లి రూపంలోనే బయటికొస్తున్నాయని చూపించాడు. క్రస్టేషియన్లకు రూపాంతరమే లేదని వాదించేవాళ్ళకు అది ఆయుధమైంది. నిజానికి రాట్కే చూసిందీ నిజమే, థాంప్సన్ చూసిందీ నిజమే. వరిచేల ఎండ్రకాయ లాగా క్రేఫిష్ కూడా తేలే దశను వదిలేసిన జీవి. ఒక్క జాతిని చూసి వర్గం మొత్తానికి తీర్పు చెప్పడమే తప్పు.

చేపల్లోనూ ఇదే కథ. ఆకులా పలచగా, అవతలి అక్షరాలు కనపడేంత పారదర్శకంగా ఉండే ఒక చేపకు 1856లో కౌప్ అనే శాస్త్రవేత్త లెప్టోసెఫాలస్ బ్రెవిరోస్ట్రిస్ అని పేరు పెట్టాడు. 1896లో ఇటలీ శాస్త్రవేత్తలు గ్రాసీ, కలాండ్రుచ్చో అది యూరప్ నదుల్లో దొరికే ఈల్ చేప పిల్ల అని తేల్చారు. ఆ తర్వాత డెన్మార్క్‌కు చెందిన యోహాన్నెస్ ష్మిట్ అట్లాంటిక్ అంతా గాలించి, ఎక్కడికి వెళ్తే లార్వాలు ఇంకా చిన్నవిగా దొరుకుతున్నాయో వెతుక్కుంటూ పోయి, ఈల్ పుట్టిల్లు సర్గాసో సముద్రం అని 1922లో రాశాడు. పెద్ద ఈల్ గుడ్లు పెట్టడం ఆయన చూడలేదు. లార్వాల సైజు ఒక్కటే ఆధారం.

వీటన్నిటికన్నా ఆశ్చర్యం కలిగించేది సెరాటాస్పిస్ మాన్‌స్ట్రోసా. 1828లో గ్రే అనే శాస్త్రవేత్త వర్ణించిన ఈ జీవికి మందమైన కవచం, పెద్ద పెద్ద కొమ్ములు ఉంటాయి. పెద్ద సముద్ర జంతువుల పొట్టల్లోనే ఎక్కువగా దొరికేది. లార్వానే అని తర్వాత అనుమానించారు గానీ ఎవరి లార్వానో తేలలేదు, ఎందుకంటే అలాంటి పోలికలున్న పెద్ద జీవి ఏదీ కనపడలేదు. 2012లో మెక్సికో సింధుశాఖలో దొరికిన ఒక్క నమూనా డీఎన్ఏను పోల్చి చూస్తే, అది వేల మీటర్ల లోతులో బతికే ప్లెసియోపీనియస్ ఆర్మేటస్ అనే ఎర్రటి రొయ్య పిల్ల అని తేలింది. పిల్ల పైనీళ్ళల్లో, తల్లి చీకటి లోతుల్లో, రెండింటికీ పోలికే లేదు. 184 ఏళ్ళ పాటు ఒకే జీవి రెండు పేర్లతో నడిచింది. నామకరణ నియమాల ప్రకారం ముందు పెట్టిన పేరుకే హక్కు కాబట్టి, చివరికి ఆ లోతునీటి రొయ్యకు కూడా పిల్ల పేరే వచ్చింది.

లార్వా అంటే మెరో, పెద్దది అంటే మెరో కాదు అనే సూత్రం కూడా అన్నిచోట్లా పనిచేయదు, జెల్లీఫిష్ దగ్గర అది తిరగబడుతుంది. తీరంలో కొట్టుకొచ్చే గొడుగు రూపం, అంటే మెడ్యూసా, జెల్లీఫిష్‌లో పెద్ద దశ. గుడ్లు, వీర్యం వదిలేది అదే. దాని పిల్ల కొద్దికాలం తేలి అడుగున ఏ రాయికో, ఆల్చిప్పకో అంటుకుని పాలిప్ అవుతుంది. ఆ పాలిప్ అక్కడే నెలల తరబడి, ఒక్కోసారి ఏళ్ళ తరబడి ఉండి, సమయం వచ్చినప్పుడు పళ్ళేల దొంతరలా చీలి బుల్లి జెల్లీఫిష్‌లను వదులుతుంది. అంటే ఇక్కడ తేలేది పెద్దది, కదలకుండా కూర్చునేది పిల్ల దశ. లెక్క ప్రకారం ఆరేలియా లాంటి మామూలు జెల్లీఫిష్ మెరోప్లాంక్టన్. పెలాజియా నాక్టిలూకా అనే ఊదారంగు జెల్లీఫిష్‌కు మాత్రం పాలిప్ దశ లేదు, గుడ్డు నుంచి నేరుగా తేలే జెల్లీఫిష్ అవుతుంది, కాబట్టి అది హోలో. వలలో పక్కపక్కనే పడ్డ రెండు జెల్లీఫిష్‌లు ఈ పట్టికలో వేర్వేరు గదుల్లోకి వెళ్తాయి. జెల్లీఫిష్‌లన్నిటినీ కళ్ళుమూసుకుని హోలో కింద రాసేసే పట్టికలు కనిపిస్తుంటాయి, అది సరికాదు. ఈ తేడా కాగితానికే పరిమితం కూడా కాదు. పాలిప్‌కు అంటుకోవడానికి గట్టి చోటు కావాలి, కాబట్టి తీరంలో కాంక్రీటు గోడలు, జెట్టీలు పెరిగితే ఆరేలియా లాంటివాటికి కొత్త చోట్లు దొరుకుతాయి. పెలాజియాకు దాంతో ఒరిగేదేమీ లేదు.

వాడుకలో ఇంకో చిక్కుంది. నాచు మీద పనిచేసేవాళ్ళు ఈ పదాన్ని కాస్త వేరుగా వాడతారు. కొన్ని డయాటమ్లు, డైనోఫ్లాజెల్లేట్లు (ఇంకో రకం ఏకకణ జీవులు) పరిస్థితి బాగాలేనప్పుడు గట్టి పెంకున్న నిద్రాణ రూపంలోకి మారి అడుగు మట్టిలోకి దిగిపోతాయి, మళ్ళీ కాలం కలిసొచ్చాక పైకి లేస్తాయి. అలాంటివాటిని వాళ్ళు మెరోప్లాంక్టన్ అంటారు. ఇక్కడ లార్వాల ప్రసక్తే లేదు, బతుకులో కొంత భాగం నీటిలో, కొంత భాగం అడుగున అన్న మూలార్థం మాత్రం అదే. అయితే ఇదే కొలత కోపిపాడ్లకూ పెడితే, అకార్షియా లాంటివి కూడా అడుగు మట్టిలో నిద్రాణంగా ఉండే గుడ్లు పెడతాయి కదా, వాటినీ మెరో అనాలి కదా? కచ్చితంగా చూస్తే అనాల్సిందే. కానీ జంతు ప్లాంక్టన్ లెక్కల్లో అలా ఎవరూ పెద్దగా రాయరు, కోపిపాడ్ అనగానే హోలోలో వేసేస్తారు. అలవాటు గెలిచిన చోటు ఇది, తెలిసి వాడితే పెద్ద నష్టం లేదు.

తుఫాను అలలకు అడుగు నుంచి లేచి నీటిలో కలిసిన జీవుల్ని మాత్రం మెరో అనకూడదు. వాటికి టైకోప్లాంక్టన్ అనే వేరే మాట ఉంది. అవి కావాలని తేలడం లేదు, నీరు నిమ్మళిస్తే తిరిగి అడుగుకు చేరతాయి. పగలు అడుగున ఉండి రాత్రిపూట మాత్రం పైకి ఈదొచ్చే మైసిడ్లు (రొయ్యను పోలిన చిన్న జీవులు) లాంటివి ఇంకో రకం, వాటిని కొందరు విడిగా చెబుతారు, కొందరు మెరోలో కలిపేస్తారు. ఎవరు ఏ అర్థంలో వాడారో వ్యాసం మొదట్లోనే చూసుకోవాలి, లేకపోతే రెండు అధ్యయనాల శాతాల్ని పోల్చడం అర్థం లేని పని. వల కన్ను ఎంత, లాగింది పగలా రాత్రా, ఒడ్డుకు ఎంత దూరం, ఏ నెల, ఇవి లేకుండా మెరోప్లాంక్టన్ ఇంత శాతం అని ఊరికే చెప్పే అంకె నుంచి ఏమీ తెలియదు. ఒడ్డు దగ్గర, గుడ్లు పెట్టే కాలంలో ఇవి కుప్పలుగా ఉంటాయి. నడిసముద్రంలో హోలోప్లాంక్టన్‌దే రాజ్యం.

ఆ తేలే కాలం ఎంతన్నది జాతిని బట్టి విపరీతంగా మారుతుంది. అసీడియన్ల (రాళ్ళకు అంటుకుని బతికే సంచి లాంటి జీవుల) పిల్లలు కొద్ది గంటల్లోనే అంటుకుపోతాయి. పగడపు పిల్లలకు రోజుల నుంచి వారాలు. బార్నకిల్‌కు కొన్ని వారాలు. పశ్చిమ ఆస్ట్రేలియా తీరంలోని రాక్ లాబ్‌స్టర్ పిల్ల మాత్రం 9 నుంచి 11 నెలల పాటు హిందూ మహాసముద్రంలో తేలి, వందల కిలోమీటర్లు వెళ్ళి, మళ్ళీ తీరానికి చేరాలి. అక్కడివాళ్ళు ఈ సంగతిని ఎంత బాగా వాడుకున్నారంటే, తీరానికి తిరిగొచ్చే ప్యురులస్ అనే దశను కృత్రిమ నాచు గుత్తులు వేలాడదీసి 1960ల చివరి నుంచి క్రమం తప్పకుండా లెక్కపెడుతున్నారు. ఈ ఏడాది ఎన్ని ప్యురులస్‌లు చిక్కాయో చూసి, మూడు నాలుగేళ్ళ తర్వాత వేటకు ఎంత సరుకు దొరుకుతుందో అంచనా కడతారు. 2008-09లో ఆ లెక్క బాగా పడిపోయింది. దాంతో లాబ్‌స్టర్లు కరువయ్యే దాకా ఆగకుండా ముందే వేటను గట్టిగా తగ్గించారు. పేరు మాత్రం తెలిసి ఊరుకోకుండా, ఆ దశను కొలవడం ఒక పద్ధతిగా పెట్టుకుంటే ఎంత పని జరుగుతుందో చెప్పడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ దొరకదు.

దీనికి పునాది అంతకు చాలా ముందే పడింది. నార్వేలో హెర్రింగ్, కాడ్ చేపలు ఒక ఏడాది విపరీతంగా పడి, ఇంకో ఏడాది కనపడకుండా పోయేవి. చేపలు ఎటో వలస పోతున్నాయని అందరూ అనుకునేవాళ్ళు. 1914లో యోహాన్ యోర్ట్ అనే నార్వే శాస్త్రవేత్త చేపల పొలుసుల మీద గీతలు చూసి వయసు లెక్కకట్టి, 1904లో పుట్టిన హెర్రింగ్ పిల్లలే ఏళ్ళ తరబడి వలల్లో ఎక్కువ భాగంగా వస్తున్నాయని చూపించాడు. అంటే ఎన్ని గుడ్లు పడ్డాయన్నది కాదు, తేలే దశలో ఎన్ని బతికి బయటపడ్డాయన్నదే లెక్క. సొన అయిపోయిన ఆ కొద్దిరోజుల్లో నోటికి అందేంత తిండి చుట్టూ ఉంటే ఆ ఏటి పిల్లలు నిలబడతాయి, ఏ ప్రవాహమో తిండి లేని చోటికి లాక్కుపోతే పోతాయి అని ఆయన వాదన. తర్వాతివాళ్ళు దీన్ని చాలా మార్చారు, చేర్చారు, అయినా ప్రశ్న మాత్రం ఆయనదే.

మన తూర్పు తీరంలో ప్రవాహం సంగతి ఇంకా గమ్మత్తుగా ఉంటుంది. తీరం వెంబడి సాగే నీరు ఫిబ్రవరి నుంచి మే దాకా ఉత్తరానికి, అక్టోబరు నుంచి డిసెంబరు దాకా దక్షిణానికి నడుస్తుంది. కాబట్టి మార్చిలో కాకినాడ ఎదుట తేలే పిల్లా, నవంబరులో అక్కడే తేలే పిల్లా ఒకే జాతివైనా ఒకే దిక్కుకు పోవు. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా తూర్పు తీరంలో 61 రోజుల వేట నిషేధం ఉంటుంది, అది గుడ్లు పెట్టే తల్లుల్ని కాపాడుతుంది. కానీ ఆ తల్లుల పిల్లలు పోయి చేరే చోటు, అంటే మడ అడవి, ఏటి మొగ, పాయలు, నిషేధం కాగితంలో లేవు. ఏడాదికి రెండు నెలలు వేట ఆపి, మిగతా పది నెలలు మడ అడవి నరుక్కుంటూ పోతే, మెరోప్లాంక్టన్ గురించి సగమే అర్థం చేసుకున్నట్టు లెక్క.

తేలడం అంటే పూర్తిగా నీటి దయ మీద ఉండటం అని కూడా అనుకోకూడదు. అడ్డంగా ప్రవాహాన్ని జయించలేకపోయినా, ఈ పిల్లలు పైకీ కిందికీ బాగానే కదలగలవు, ఆ ఒక్క ఉపాయంతోనే చాలా సాధిస్తాయి. పోటు వచ్చేటప్పుడు పైకి లేస్తే నీరు ఏటి లోపలికి మోసుకుపోతుంది, పాటు తీసేటప్పుడు అడుగుకు దిగితే వెనక్కి కొట్టుకుపోకుండా నిలబడొచ్చు. రొయ్య పీఎల్‌లు, పీతల మెగలోపాలు ఇలా పోటు పోటుకీ కొంచెం కొంచెం లోపలికి వస్తాయి. హేచరీలు రాకముందు, వచ్చిన కొత్తల్లోనూ, ఏటి మొగల్లో దోమతెర వలలతో టైగర్ రొయ్య పిల్లని పట్టినవాళ్ళు పోటు నీటి కోసమే కాచుకునేవాళ్ళు. సుందరవనాల్లో ఈ పని చాలా పెద్దఎత్తున నడిచింది. వలలో పడ్డ టైగర్ పిల్లల్ని ఏరుకుని మిగతా పీత, చేప, రొయ్య పిల్లల్ని ఒడ్డునే పారబోయడం వల్ల జరిగిన నష్టం మాట్లాడుకోవాల్సినంతగా ఎవరూ మాట్లాడుకోలేదు. 1980ల చివర్లో కేంద్ర ప్రభుత్వ సముద్ర ఉత్పత్తుల ఎగుమతి అభివృద్ధి సంస్థ (ఎంపీఈడీఏ) విశాఖ దగ్గర టాస్పార్క్ హేచరీ పెట్టిన తర్వాత, క్రమంగా ప్రైవేటు హేచరీలు పెరిగాక, సముద్రపు పిల్ల మీద ఆ ఒత్తిడి తగ్గింది.

నీలకంఠ రొయ్య ఇంకో రకం. పెరిగేది గోదావరి, కృష్ణ లాంటి నదుల్లోని మంచినీళ్ళల్లో, కానీ పిల్ల బతకాలంటే కొంచెం ఉప్పు కలిసిన నీరు ఉండాలి. మలేషియాలో పనిచేసిన షావో-వెన్ లింగ్ 1960ల మొదట్లో ఈ సంగతి కనిపెట్టేదాకా మంచినీటి ట్యాంకుల్లో పొదిగిన పిల్లలన్నీ కొద్దిరోజుల్లోనే చచ్చిపోయేవి. పదకొండు లార్వా దశలు, అన్నీ ఉప్పునీటి అంచునే దాటాలి, ఆ తర్వాతే నదిలోకి ఎదురెక్కడం. నది మీద అడ్డుకట్ట పడితే కిందికి దిగే తల్లికీ, పైకి ఎక్కే పిల్లకీ ఇద్దరికీ దారి మూసుకుపోతుంది. నదిలో దొరికే జీవి కదా అని దీన్ని మంచినీటి జీవుల అధ్యాయంలో మాత్రమే చదివితే ఈ విషయం కంటికి ఆనదు.

ఓడల దగ్గరికి వస్తే ఇదే తేలే దశ ఇబ్బందిగా మారుతుంది. సరుకు లేనప్పుడు ఓడ నిలకడ కోసం ఒక రేవులో నీళ్ళు నింపుకుని ఇంకో రేవులో వదులుతుంది, దాన్ని బ్యాలస్ట్ నీరు అంటారు. అందులో పెద్ద పీత దూరలేదు గానీ దాని జోయియాలు వేలల్లో దూరగలవు. 1960ల చివర్లో విశాఖ రేవులో మధ్య అమెరికా వైపు సముద్రాలకు చెందిన మైటిలోప్సిస్ సాలీ అనే చిన్న ఆల్చిప్ప కనపడింది, ఆంధ్ర విశ్వవిద్యాలయ పరిశోధకులు దాన్ని నమోదు చేశారు. అది ఓడ అడుగున అంటుకుని వచ్చిందో, నీటిలో లార్వాగా వచ్చిందో ఏదైనా, రేవులో దిగాక గోడగోడకీ పాకింది మాత్రం తేలే పిల్లల వల్లే. 2004లో కుదిరి 2017 సెప్టెంబరు 8న అమల్లోకి వచ్చిన అంతర్జాతీయ బ్యాలస్ట్ నీటి ఒప్పందం ప్రకారం, వదిలే నీటిలో 50 మైక్రాన్లు, అంతకు మించి సైజున్న బతికిన జీవులు ఘనపు మీటరుకు పదికన్నా తక్కువ ఉండాలి. ఆ నియమం మెరోనా హోలోనా అని అడగదు, సైజు, ప్రాణం రెండే చూస్తుంది. అది సరైన పనే, ఎందుకంటే అమెరికా తీరం నుంచి నల్లసముద్రంలోకి ఇలాగే వచ్చి 1980ల్లో అక్కడి చేపల వేటను దెబ్బతీసిన నెమియోప్సిస్ అనే కోంబ్ జెల్లీ (జెల్లీఫిష్‌ను పోలిన జీవి) పూర్తిగా హోలోప్లాంక్టన్.

ఈ పదం వాడేటప్పుడు ఒక చిన్న జాగ్రత్త తీసుకుంటే చాలా గందరగోళం పోతుంది: దశ పేరు కూడా పక్కనే చెప్పడం. పీతలు మెరోప్లాంక్టన్ అని రాయకుండా, పీతల జోయియా, మెగలోపా దశలు మెరోప్లాంక్టన్ అని రాస్తే చదివేవాళ్ళకు వెంటనే బోధపడుతుంది. జెల్లీఫిష్ అయితే జాతి పేరు తప్పనిసరి. చేపల గుడ్లు, పిల్లల్ని ఇక్తియోప్లాంక్టన్ అని విడిగా లెక్కపెట్టే పద్ధతి కూడా ఉంది కాబట్టి, వంజరం పిల్లల్నో కానాగంత గుడ్లనో ఒకే పట్టికలో రెండుసార్లు లెక్కించలేదు కదా అని చూసుకోవాలి.

ఇంత చెప్పాక కూడా, కొలతకు లొంగని ఒక గుంపు మిగిలి ఉంది. 1899లో హాన్సెన్ అనే డేనిష్ శాస్త్రవేత్త ప్లాంక్టన్ నమూనాల్లో కొన్ని విచిత్రమైన నాప్లియస్‌లను (రొయ్య నాప్లీ లాంటి తొలి లార్వాలను) చూసి, ఎవరి పిల్లలో తెలియక వాటికి వై అనే అక్షరం మాత్రం పెట్టాడు. బార్నకిల్స్‌కు చుట్టాలని తేలింది, ఫాసెటోటెక్టా అని వర్గం పేరు కూడా వచ్చింది, ప్రపంచంలో ఎన్నో సముద్రాల్లో దొరికాయి, జపాన్‌లోని ఒకినావా దగ్గరైతే రకరకాలు కుప్పలుగా కనిపిస్తాయి. కానీ వీటి పెద్ద రూపాన్ని ఇంతవరకూ ఎవరూ సముద్రంలో పట్టుకోలేదు. 2008లో కొందరు పరిశోధకులు వై లార్వాల చివరి దశకు కవచం విడిచే హార్మోన్ ఇచ్చి చూస్తే, లోపలి నుంచి కాళ్ళూ కళ్ళూ లేని మెత్తటి పురుగు లాంటి రూపం బయటికొచ్చింది, దాన్నిబట్టి ఇవి పెద్దయ్యాక ఏదో జంతువు ఒంట్లో పరాన్నజీవిగా ఉంటాయని ఊహిస్తున్నారు. ప్లాంక్టన్ పట్టికల్లో వీటిని మెరో కింద రాయడానికి ఉన్న ముఖ్య ఆధారం అదే.